పాండేసర బేకరీలో ఆదివారం పుడ్డింగు

సూరత్‌కు జనం చీరలు కొనడానికో, మగ్గాల మీద పని దొరుకుతుందనో వెళ్తారు. నేను వెళ్లింది ఒక మనిషిని వెంటబెట్టుకుని ఇంటికి తెచ్చుకోవడానికి. ఆ మనిషి పేరు సరోజ.

మేమిద్దరం నర్సులం. ఇంగ్లండులో లీడ్స్ అనే ఊళ్లో ఒకే ఆసుపత్రిలో చాలా ఏళ్లు పనిచేశాం. ఆమెది సిరిసిల్ల దగ్గర పల్లె, నాది ఖమ్మం. ఒకే అద్దె ఇల్లు, ఒకే వంటగది. ఇద్దరికీ కలిసి ఆదివారం సెలవు దొరికితే పండగే. ఆ రోజు కోడిని ఓవెన్‌లో కాల్చి, దాంతోపాటు ఆ ప్రాంతం వాళ్లు చేసుకునే యార్క్‌షైర్ పుడ్డింగు చేసుకునేవాళ్లం. మాకు ఇల్లు అద్దెకిచ్చిన ఇంటావిడ నేర్పింది.

పుడ్డింగు అనగానే తియ్యగా ఉంటుందనుకునేరు. మైదా, గుడ్లు, పాలు, చిటికెడు ఉప్పు, ఇంతే. పలచగా గిలకొట్టి కాసేపు పక్కన పెట్టాలి. గుంతల ట్రేలో నూనె పోసి పొగలు వచ్చేదాకా ఓవెన్‌లో కాచాలి. ఆ గుంతల్లో పిండి పోసి, వెంటనే లోపల పెట్టి తలుపు వేసెయ్యాలి. పిండి నాలుగింతలు పైకి లేస్తుంది. మధ్యలో ఆత్రం ఆపుకోలేక తలుపు తీశామా, మొత్తం కూలబడిపోతుంది. అయ్యాక గ్రేవీ పోసుకుని, మాంసం కంటే ముందు తినాలి. కడుపు సగం దీంతోనే నిండితే మాంసం తక్కువ సరిపోతుందని పేదవాళ్లు కనిపెట్టిన తిండి అని ఇంటావిడ చెప్పేది.

అలాంటి ఒక ఆదివారం, గిన్నెలు కడుగుతూ సరోజ అంది.

"ముసలైనంక ఇద్దరం ఒక్క ఇంట్లనే ఉందామే విజయా. నువ్వు పప్పు చెయ్యి, నేను గిది చేస్త."

మాటవరసకు అని ఉండొచ్చు. నేను మాత్రం గట్టిగా పట్టుకున్నాను. తర్వాత ఆమె నలభై దాటాక, అక్కడే మందుల షాపు నడుపుతున్న కిరీట్‌భాయ్ అనే గుజరాతీ ఆయన్ని పెళ్లి చేసుకుని, ఆయనతో సూరత్ వచ్చేసింది. నేను పెళ్లి చేసుకోలేదు. రిటైరై ఖమ్మం వచ్చి ఇల్లు కట్టుకున్నాను. రెండేళ్ల కిందట కిరీట్‌భాయ్ పోయాడు. అప్పటి నుంచి ఫోన్ చేసినప్పుడల్లా నేను "వచ్చెయ్యవే" అనడం, ఆమె "చూద్దాం తియ్యి" అనడం. ఆ చూద్దాంలో ఏముందో ఫోన్లో తెలియడం లేదు. ఎదురుగా కూర్చోబెట్టి అడుగుదామని, అడిగే ముందు పాత ఆదివారం భోజనం ఒకటి పెడదామని బయల్దేరాను. లీడ్స్ నాటి గుంతల ట్రేను తువ్వాల్లో చుట్టి బ్యాగులో అడుగున పెట్టుకున్నాను.

ఖమ్మం నుంచి సూరత్‌కు చెన్నై వైపు నుంచి అహ్మదాబాద్ వెళ్లే ఎక్స్‌ప్రెస్ సుఖం. ఎక్కడా మారే పని లేదు. సాయంత్రం ఆరు దాటాక ఎక్కితే మర్నాడు మధ్యాహ్నం దిగుతాం. ఏసీ దొరక్క స్లీపర్‌లో వెళ్లాను. పులిహోర, పెరుగన్నం కట్టుకున్నాను. వెళ్లేవాళ్లు నీళ్లు కూడా ఎక్కువే తీసుకెళ్లండి, బల్లార్షా దాటాక బోగీలో జనం నిలబడడానికి కూడా చోటుండదు.

వరంగల్‌లో ఎదురు బెర్తులోకి ఒకాయన ఎక్కాడు. సూరత్‌లో మగ్గాల మీద పనిచేస్తాడట, పదిహేనేళ్లుగా. నేను పులిహోర పెడితే రెండో మాట లేకుండా తీసుకున్నాడు.

"సూరత్ల మనోళ్లు మస్తుగున్నరు మేడమ్. తెలుగు మాట్లాడెటోళ్లకు కరువు లేదు. మాట్లాడుకునెటందుకే టైం ఉండది" అన్నాడు.

ఆ చివరి మాటకు నాకు సంతోషమేసింది, చెప్పడానికి సిగ్గుగా ఉన్నా. సరోజకు అక్కడ మాట్లాడే మనిషి లేడనే నా లెక్కకు అది సరిగ్గా సరిపోయింది.

తెల్లారేసరికి మహారాష్ట్ర. భుసావల్‌లో టీ తాగాను, జల్‌గావ్‌లో అరటిపళ్లు కొన్నాను. నందుర్‌బార్ దాటాక ఎండ ముదిరింది, కిటికీ ఊచలు ముట్టుకుంటే కాలుతున్నాయి. మగ్గాలాయన ఉధ్నాలో దిగిపోయాడు. పాండేసర మిల్లుల వైపు వెళ్లేవాళ్లంతా అక్కడే దిగుతారట. తర్వాత కాసేపటికే సూరత్.

ప్లాట్‌ఫారం మీద సరోజను పోల్చుకోవడానికి కొంచెం సేపు పట్టింది. జుట్టు మొత్తం తెల్లబడింది. గుజరాతీ కట్టు, పమిట కుడి భుజం మీంచి ముందుకు వేసుకుంది. నన్ను గట్టిగా వాటేసుకుని, "గింత బక్కగైనవేందే!" అంది. ఆ గొంతు మాత్రం మారలేదు. నాకు అప్పుడే సగం పని అయిపోయినట్టు అనిపించింది.

ఆటోలో తాపీ నది వంతెన దాటి అడాజన్ చేరాం. అయిదో అంతస్తులో ఫ్లాటు. తలుపు తీసింది ఆమె అత్తగారు. అందరూ ఆమెను బా అంటారు, అంటే అమ్మ. తొంభైకి దగ్గర పడ్డ మనిషి, నడుం వంగింది, చూపు మాత్రం చురుకు. "ఆవో బేన్, బేసో" అని నన్ను సోఫాలో కూర్చోబెట్టి, నా చెయ్యి వదలకుండా గుజరాతీలో ఏదేదో అడిగింది. సరోజ నా తరఫున జవాబులు చెబుతూ పోయింది. మధ్యలో ఇద్దరూ దేనికో పగలబడి నవ్వారు. ఏమిటని అడిగితే, "ఏం లేదు తియ్యి, చెప్తే నవ్వు రాదు" అంది.

రాత్రి భోజనం కిచిడీ, కఢీ అనే మజ్జిగ పులుసు. తిన్నాక ట్రే తీసి చూపించాను. సరోజ దాన్ని అటూ ఇటూ తిప్పి, "ఇంక ఉంచినవానే దీన్ని!" అని నవ్వి, జాగ్రత్తగా తువ్వాల్లో చుట్టి నా బ్యాగు మీదే పెట్టింది. వంటగదిలోకి తీసుకెళ్లలేదు. నేనది పట్టించుకోలేదు.

శనివారం పొద్దున సరోజ లోచో తెప్పించింది. శనగపిండి, మినప్పప్పు కలిపి ఆవిరి మీద ఉడికించి నూనె, సేవ్ అనే సన్న కారప్పూస చల్లి ఇస్తారు. ఇడ్లీ పిండి చెయ్యి జారినట్టుంటుంది కానీ రుచి బాగుంది, సూరత్ వెళ్తే వదలకండి. అది తినేసి, బా దగ్గర సరోజ పూజలో ఉండగా, నేను గుడ్ల కోసం బయల్దేరాను. చుట్టుపక్కల కిరాణా కొట్లలో అడిగితే తల అడ్డంగా ఊపారు. ఒకాయన అయితే నా వైపు చూడను కూడా చూడలేదు. పెద్ద రోడ్డు దాటి, ఇంకో వీధిలోకి వెళ్తే దొరికాయి. ఖమ్మంలో తెచ్చుకున్నట్టే అట్ట ట్రేలో పెట్టించుకుని, రెండు చేతులతో పట్టుకుని దర్జాగా వచ్చి లిఫ్టు ఎక్కాను.

లిఫ్టులో ఒకావిడ ఉంది. గుడ్లు చూసింది, నన్ను చూసింది, దిగిపోయింది. వెంటనే వాచ్‌మన్ పరుగెత్తుకొచ్చాడు. "ఆంటీజీ, యే ఇధర్ నహీ చల్తా" అని దణ్ణం పెడుతున్నాడు. కసురుకుంటే కసురుకుందును, దణ్ణం పెట్టేవాణ్ణి ఏమంటాం? పైకి ఫోన్ చేశాను. సరోజ కిందికి దిగొచ్చింది.

"మా సొసైటీల గుడ్డు రాదే విజయా."

"రాదంటే?"

"రాదంటే రాదు, అందరు శాకాహారులే, ఎవ్వరు తేరు. నీకు ముందుగాల్నే చెప్పాలె. మర్చిపోయిన."

నాకు ఒళ్లు మండింది. ఇంగ్లండులో పొద్దున్నే రెండేసి గుడ్లు తినందే డ్యూటీకి వెళ్లని మనిషి ఇదే. నువ్వు ఈ జైల్లో ఎలా ఉంటున్నావే అని అక్కడే, వాచ్‌మన్ ముందే అడిగేశాను. ఆమె ఫోన్ తీసి ఎవరికో చేసింది. "లక్ష్మీ, రేపు నీ దగ్గర వండుకోవాలె, గుడ్లు పంపిస్తున్న" అంది. అయిదు నిమిషాల్లో గుడ్లు ఒక ఆటో అబ్బాయి చేతిలో పాండేసరకు వెళ్లిపోయాయి. నాకు మళ్లీ ఆశ పుట్టింది. తన వంటగదిలో తను గుడ్డు పగలగొట్టుకోలేని ఇంట్లో ఎవరుంటారు, నాలుగు మాటలు నచ్చజెబితే చాలు అనుకున్నాను.

ఆదివారం పొద్దున బీఆర్‌టీఎస్ బస్సులో బయల్దేరాం. బస్సుల దారి వేరుగా ఉంటుంది కాబట్టి ట్రాఫిక్‌లో ఇరుక్కోం, ఆటో కంటే నయం. మిల్లులు దగ్గర పడేకొద్దీ రంగు నీళ్ల వాసన, పొగ. సైకిళ్ల మీద మనుషులు షిఫ్టు దిగి వస్తున్నారు. వాళ్లలో సగం మంది మాట్లాడేది తెలుగే.

లక్ష్మిది సిరిసిల్ల వైపు. భర్త అద్దకం మిల్లులో పనిచేస్తాడు. ఆమె ఇంటి ముందు గదిలో పాతికమందికి మెస్ నడుపుతుంది. మేం సందు మలుపు తిరిగామో లేదో, "సరోజక్కా, నా బీపీ గోళీలు ఒడిసినయ్" అని ఒకడు, "అక్కా, గీ కాలు జర చూడు" అని ఒకడు చుట్టూ చేరారు. ప్రతి గురువారం సరోజ ఇక్కడికొచ్చి అందరికీ బీపీ, షుగర్ చూస్తుందట. ఆ సంగతి నాకు ఒక్కసారి కూడా చెప్పలేదు. రైలులో మగ్గాలాయన చెప్పిన మాట మీద నేను కట్టుకున్న లెక్క అక్కడే కొంచెం కదిలింది.

లక్ష్మి వంటింట్లో కూర్చుని నేనే పిండి కలిపాను. సరోజ గుమ్మం దగ్గర స్టూలు మీద కూర్చుంది. పిండి ఊరాలని మూత పెట్టి, వెనక సందులో పావ్ రొట్టెలు కాల్చే బేకరీకి కోడితో, బంగాళాదుంపలతో వెళ్లాం. దీపావళికి ఆడవాళ్లు నాన్‌ఖటాయి బిస్కట్ల పిండి తెచ్చి ఇలాంటి బేకరీల్లో కాల్పించుకుంటారట. అందుకని బేకరీ యజమాని రఫీక్‌భాయ్‌కి మా కోరిక వింతగా తోచలేదు. పావ్ కాల్చడం అయిపోయింది, భట్టీలో వేడి ఇంకా ఉంది, కోడి లోపలికి వెళ్లింది. మసాలా లేకుండా ఉప్పు, మిరియాలు, వెన్న రాసిన కోడిని చూసి లక్ష్మి మొహం ముడుచుకుంది.

"గిట్ల సప్పగ ఎట్ల తింటరక్కా? రోగమొచ్చినోళ్లకు పెట్టినట్టు."

కోడి కాలింది. దాని కొవ్వులో కొంచెం నూనె కలిపి గుంతల్లో పోసి కాచాను. పిండి పోశాను. రఫీక్‌భాయ్ పొడుగు కర్రతో ట్రేను లోపలికి తోసి ఇనుప రేకు అడ్డం పెట్టాడు. కాసేపటికి తీసి చూస్తే పుడ్డింగులు లేవలేదు. మెత్తగా, బొద్దుగా, గుడ్డు కలిపిన బోండాల్లా కూర్చుని ఉన్నాయి. ఒకటి కొరికితే నాలుక మీద సోడా చేదు.

లక్ష్మి తలకాయ గోక్కుంది. "పిండి మరీ నీళ్లలెక్క ఉన్నదక్కా. పొంగదేమోనని గింత సోడా, ఒక గంటె పెరుగు ఏసిన. బోండాలకు గట్లనే ఏస్త కద."

కోపం రావాలి, కానీ నవ్వొచ్చింది. ఇరవై గుడ్లు కొన్నది మంచిదైంది. మళ్లీ కలిపాను. ఈసారి పిండి పక్కనే కూర్చున్నాను, లక్ష్మిని దగ్గరికి రానివ్వలేదు.

రెండోసారి ట్రే లోపలికి వెళ్లింది. భట్టీకి అద్దం ఉండదు, లోపల ఏం జరుగుతోందో కనిపించదు. నాకు కాళ్లు నిలవడం లేదు. "ఒక్కసారి తీసి చూద్దామా?" అన్నాను.

"వద్దు" అంది సరోజ.

భట్టీకి నాలుగడుగుల దూరంలో నిలబడి ఉంది. పమిట కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుంది. కళ్లలో నీళ్లు తిరుగుతున్నాయి. పొగకేమో అనుకున్నాను. నేను ఇంకో రెండుసార్లు అడిగాను, రెండుసార్లూ వద్దంది. తర్వాత కొంగు ఒక్కసారి తొలగించి వాసన పీల్చి, మళ్లీ అడ్డం పెట్టుకుని, "రఫీక్‌భాయ్, అబ్ నికాలో" అంది.

ఎలా లేచాయో చెప్పలేను. గుంతల్లోంచి పైకి, పక్కలకు, అంచులు ఎర్రగా, మధ్యలో గిన్నెలా లోతుగా. లీడ్స్‌లో కూడా ఇంత బాగా ఎప్పుడూ రాలేదు. నేను చిన్నపిల్లలా చప్పట్లు కొట్టాను. బేకరీ వాళ్లు వచ్చి చూశారు. వీటిని ఆలస్యం చెయ్యకూడదు, చల్లారితే దిగిపోతాయి. అక్కడే బల్ల మీద ప్లేట్లు పెట్టి, ఒకదాంట్లో కోడి రసంతో చేసిన వేడి గ్రేవీ పోసి సరోజకు అందించాను.

ఆమె ప్లేటు అందుకోలేదు.

"నాకు గుడ్డు వాసన పడ్తలేదే ఇప్పుడు. ఎన్నో ఏండ్లాయె."

"మొక్కా?"

"మొక్కు గిక్కు ఏం లేదు. మా ఆయన కూడ తినమనెటోడే, బయటికి తీస్కపోయెటోడు. నాకే పడకుంటైంది. నువ్వు అంత దూరం నుంచి మోసుకొస్తివి, ఎట్ల చెప్పాలె అని చెప్పలే. తిను నువ్వు, సల్లగైతది."

ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకుని, నా కోసం అంతసేపు అక్కడ నిలబడిందన్నమాట. అప్పుడే నాకు జవాబు తెలిసిపోయింది. అయినా అడిగాను. అడగకుండా తిరిగి వెళ్తే ఆ చూద్దాంతోనే నా మిగిలిన రోజులు గడిచిపోతాయని భయమేసింది.

"నాతో ఖమ్మం వచ్చెయ్ సరోజా. ఇక్కడ ఒంటరిగా ఎందుకే?"

ఆమె నా భుజం మీద చెయ్యి వేసింది.

"నేను ఒంటరిగ లేనే విజయా."

లక్ష్మి అక్కడి నుంచి మెల్లగా ఇంటివైపు వెళ్లిపోయింది. సరోజ ఆగలేదు, ఆగితే మళ్లీ చెప్పలేననుకుందేమో.

"బా ఉన్నది. గీళ్లున్నరు. సొసైటీల పొద్దుగాల భజనకు నేను పోకుంటే వచ్చి తలుపు కొడ్తరు. బా కోసం ఆగిన అనుకోకు, రేపు బా లేకున్నా నేను రాను. నిన్ను బాధపెట్టొద్దని ఫోన్ల చూద్దాం చూద్దాం అన్న. గట్ల అనకుండ ఉండాల్సింది." బల్ల మీద ప్లేట్లు సర్దుతూ, "కావాలంటే నువ్వే ఇక్కడికొచ్చి ఉండరాదూ" అంది.

ఆ మాట మర్యాదకు అన్నదే. నిజమైన పిలుపు ఎలా ఉంటుందో నాకు తెలుసు, లీడ్స్‌లో ఆమె పిలిచిన పిలుపుతోనే చాలా ఏళ్లు బతికాను. నేను "చూద్దాం తియ్యి" అన్నాను.

తర్వాత నేను తిన్నాను. మాంసం కంటే ముందు, గ్రేవీతో, ఇంటావిడ చెప్పిన పద్ధతిలోనే. అంచు కరకరలాడింది, లోపల మెత్తగా ఉంది, ఉప్పు సరిపోయింది. బాగుంది. చాలా బాగుంది. అంత బాగున్నదాన్ని పక్కన మనిషి ఉండి కూడా ఒక్కదాన్నే తినాల్సి వస్తుందని నేను అనుకోలేదు. అయినా ఒకటి పూర్తిగా తిన్నాను. మిగతావి బేకరీ వాళ్లూ, మెస్‌కు తెచ్చాక అక్కడ తినడానికొచ్చిన మగ్గాల వాళ్లూ పంచుకున్నారు. ఒకాయన వేలితో పొడిచి చూసి, "పూరీ లెక్క పొంగింది గని లోపట ఏం లేదు గదా అక్కా" అన్నాడు. గ్రేవీ పోసి ఇచ్చాక ఇంకోటి అడిగి తీసుకున్నాడు. సరోజ అప్పటికే మెస్ అరుగు మీద కూర్చుని ఒకతని చేతికి బీపీ పట్టీ చుడుతోంది. పాండేసర మొత్తానికి అక్కలా ఉంది.

సోమవారం మధ్యాహ్నం సికింద్రాబాద్ వెళ్లే రైలు ఎక్కాను. వాపి, వసాయి, పుణె మీదుగా చుట్టుదారి, కానీ పగటి పూట ఎక్కొచ్చు. బా నాకు దారికి ఠేప్లాలు, అంటే మెంతికూర రొట్టెలు కట్టించింది, కాళ్లకు దణ్ణం పెడితే తల మీద చెయ్యి చాలాసేపు ఉంచింది. సరోజ స్టేషన్‌కు వచ్చింది. ఇద్దరం బరువైన మాటలేవీ మాట్లాడుకోలేదు. బీపీ గోళీలు మానొద్దని ఆమె, మోకాళ్లు చూపించుకోమని నేను. రైలు కదిలాక కొంతదూరం పక్కనే నడిచింది. తర్వాత ఆగి, చెయ్యి ఊపి, వెనక్కి తిరిగి చకచకా వెళ్లిపోయింది. బా మందుల వేళ అయి ఉంటుంది.

ఆమెను తప్పు పట్టడానికి దారి దొరుకుతుందేమోనని వసాయి దాకా వెతికాను. దొరకలేదు. ఆమె నన్ను మర్చిపోలేదు, మోసం చెయ్యలేదు. ఆమె బతుకు నిండింది, అంతే. ఎవరో ఒకరు ఏడుస్తూ కూర్చుని ఉంటారు, వెళ్లి కళ్లు తుడుద్దాం అని బయల్దేరేవాళ్లు ముందు ఆ కన్నీళ్లు ఎవరివో చూసుకోవాలి. సూరత్ వెళ్లొచ్చిన నాకు తెలిసింది ఇదొక్కటే.

చీకటి పడేవేళకు పక్క సీటులో ఉన్న సోలాపూర్ తెలుగావిడ డబ్బా విప్పుకుంటూ పలకరించింది.

"సూరత్‌ల మీ వాళ్లున్నారా అమ్మా?"

"ఒక స్నేహితురాలు ఉంది."

"ఎట్లుంది, మంచిగున్నదా?"

"బాగుంది" అన్నాను. "అక్కడ చాలా బాగుంది."

అంతవరకూ ఆ మాట నాలో నేను కూడా అనుకోలేదు. బయటికి అన్నాక అది నిజమైపోయింది. కిటికీ వైపు తిరిగి కూర్చుని, ఆవిడ చూస్తుందని కూడా చూసుకోకుండా ఏడ్చాను.